పక్కింటికి చెప్పని మాట

గాజు బిల్డింగులో రొట్టె చేస్తున్న మా అమ్మ చేతుల ఫొటో మనిషెత్తున పెట్టారని, రేపో మాపో ఆ కంపెనీ వాళ్లే ఆమె చేత ఏసీ రొట్టెల దుకాణం తెరిపిస్తారని, ఇక మా నాయన పోచయ్య ఇంటివాళ్ల కాళ్లు నేల మీద ఆనవని మా వాడకట్టులో మొదట అన్నది వీరలక్ష్మిగారట. తణుకు నుంచి వచ్చి మా వెనకింట్లో కిరాయికి ఉండే మనిషి ఆమె. ఆమెకు చెప్పింది ఆ బిల్డింగులో నేలలు తుడిచే జంగమ్మ. జంగమ్మకు ఇంగ్లీషు చదవ రాదు. కానీ మా అమ్మ ఎడమ ముంజేతి మీది తేలు పచ్చబొట్టును ఆమె ఎక్కడున్నా గుర్తుపడుతుంది. పెళ్లిళ్లయిన కొత్తలో ఇద్దరూ ఒకే రోజు, ఒకే మనిషి చేత పొడిపించుకున్నారు.

“ఏమండీ అండాలుగారూ, మీ తోటికోడలు ఇక మీకు అందరండీ” అన్నారట వీరలక్ష్మిగారు గోడ మీదుగా.

“అందకుంటే నిచ్చెనేస్కొని ఎక్కుత. నీకెందుకమ్మా పరేషాన్” అన్నదట మా చిన్నమ్మ అండాలు.

అని ఊరుకుందా అంటే లేదు. పొద్దుగూకేలోపు నల్లగండ్ల పాత ఊరంతా ఆ కబురును తనే తిప్పింది. అవి మా అక్క చేతులని, మా అక్క రొట్టెకు అంత ఇజ్జత్ వచ్చిందని.

ఆ ఫొటో కింద ఇంగ్లీషులో రాసి ఉన్నది రొట్టెల సంగతి కాదు, రొమ్ము క్యాన్సర్ సంగతి. ‘నేను భయపడలేదు. గడ్డ తగలగానే డాక్టరు దగ్గరికి వెళ్లాను. ఈ రోజు నా చేతులు మళ్లీ రొట్టెలు చేస్తున్నాయి.’ దాని కింద చిన్న అక్షరాల్లో, ‘పేరు చెప్పడం ఇష్టంలేని ఒక తల్లి’ అని. ఆ వాక్యాలు రాసింది నేనే. మూడింట్లో చివరిదొక్కటే నిజం.

*

అది రెండువేల పదకొండు, తెలంగాణ కోసం సకల జనుల సమ్మె కాలం. అమ్మకు ఆపరేషన్ అయింది మాత్రం అంతకు ముందటి ఏడు, ఎండాకాలంలో. గడ్డ తగిలాక ఐదు నెలలు ఆమె ఎవరికీ చెప్పలేదు. మాకు కూడా. చెయ్యి లేవడం మానేశాక చెప్పింది. సర్కారు దవాఖానలో ఎడమ రొమ్ము తీసేశారు.

ఊరికి మాత్రం గర్భసంచి ఆపరేషన్ అని చెప్పాం. ఆ మాటను ఏరుకున్నది మా నాయన. మా వాడకట్టులో నలభై దాటిన ఆడవాళ్లలో సగం మందికి ఆ ఆపరేషన్ అయ్యే ఉంది కాబట్టి, ఎవరూ రెండో ప్రశ్న వేయరని ఆయన లెక్క. ఆ లెక్క తప్పలేదు. మందులు ఎక్కించే రోజుల్లో అమ్మ బోరబండలో మా మేనమామ ఇంట్లో ఉంది. వెంట్రుకలు ఊడతాయని డాక్టరమ్మ చెప్పిన వారమే, ఇంకా ఒక్కటీ రాలకముందే, వేములవాడకు తీసుకుపోయి గుండు చేయించాం. ఆపరేషన్ మంచిగైతే తలనీలాలు ఇస్తానని మొక్కుకుందని చెప్పాం. చిన్నమ్మ ఆ ప్రసాదాన్ని కళ్లకద్దుకుని తిన్నది.

ఇంత తంటా ఎందుకంటే, రొట్టె కోసం. సాయంత్రం ఐదింటికి లింగంపల్లి రోడ్డు మీద, అపార్టుమెంట్ల గేటుకు ఎదురుగా అమ్మ పొయ్యి పెట్టేది. జొన్నరొట్టె, పక్కన పచ్చిపులుసో వంకాయ కూరో. ఆఫీసుల నుంచి వచ్చే పిల్లలు బండ్లు ఆపి కట్టించుకుపోయేవారు. “క్యాన్సర్ మనిషి చేతి రొట్టె ఎవడు తింటడు?” అన్నాడు నాయన. అది అంటుకునే రోగం కాదని డాక్టరమ్మ చెప్పింది, మేమూ నమ్మాం. కొనేవాడు నమ్మాలి కదా.

చిన్నమ్మకు కూడా ఎందుకు చెప్పలేదంటే, ఆమె నోరు ఆగదని. అంతకు మించి కారణం లేదు.

మా చిన్నాయన పోయి అప్పటికి తొమ్మిదేళ్లు. ఒక్కగానొక్క కూతురు సంగారెడ్డిలో కాపురం. మా ఇంటికీ ఆమె ఇంటికీ నడుమ ఒక్కటే గోడ, దాని మీదుగా కూరగిన్నెలు అటూ ఇటూ తిరుగుతూనే ఉండేవి. “గర్భసంచి తీసినోళ్లు బరువు పని చెయ్యొద్దు, నువ్వు ఉత్తగ రొట్టె చెయ్యి, పిండి నేను పిసుకుత” అని ఆపరేషన్ తర్వాత తనే వచ్చి పొయ్యి పక్కన కూర్చుంది. ఏడాదిపైగా ఇద్దరూ మోకాలికి మోకాలు తగిలేంత దగ్గరగా కూర్చున్నారు. అమ్మ రవికె లోపల మడిచి పెట్టుకున్న గుడ్డ సంగతి చిన్నమ్మకు తెలియనే లేదు.

*

నేను డిగ్రీ చదివి ఆ గాజు బిల్డింగులోని కంపెనీలో క్యాబుల డెస్కు మీద పనిచేసేవాణ్ని. సమ్మె మొదలైన రోజు నుంచీ నాకు నిద్ర లేదు. బస్సులు లేవు, ఎప్పుడు ఏ రైలు ఆపుతారో తెలియదు, ఏ చౌరస్తాలో ఎవరు కూర్చున్నారో పొద్దున్నే ఫోన్లు చేసి కనుక్కోవాలి. నా సొరుగులో జై తెలంగాణ స్టిక్కర్లు కట్టలుగా ఉండేవి. గేటు దాటే ప్రతి బండి అద్దానికీ ఒకటి. పగలు ఆ స్టిక్కర్లతో కంపెనీ బండ్లను దాటించేవాణ్ని, సాయంత్రం లింగంపల్లి సమ్మె టెంటు దగ్గర నిలబడి అవే బండ్లను ఆపేవాణ్ని. రెండింట్లోనూ నాకు తప్పేమీ కనిపించలేదు.

సెప్టెంబరు చివర్లో భార్గవి మేడమ్ పిలిచింది. హెచ్‌ఆర్‌లో పని ఆమెది, ప్రొద్దుటూరు మనిషి. అమ్మ కోసం నేను పెట్టిన సెలవులన్నీ ఆమె చేతి మీదుగానే పోయాయి కాబట్టి, ఆఫీసులో అసలు సంగతి తెలిసింది ఆమె ఒక్కతికే.

“అక్టోబర్లో రొమ్ము క్యాన్సర్ క్యాంపు పెడుతున్నాం ఓంకార్. డాక్టర్లు వచ్చి స్లైడ్లు చూపిస్తే మనోళ్లు ఫోన్లు చూసుకుంటారు. అదే మీ అమ్మగారు వచ్చి రెండు మాటలు చెప్తే, వింటారు.”

“మా వాడకట్టుల ఎవరికీ తెల్వదు మేడమ్.”

“ఇక్కడ చెప్తే అక్కడికి ఎట్లా తెలుస్తుంది?”

ఆమె కాసేపు పెన్ను మూత తీసి పెట్టి, తీసి పెట్టి, అప్పుడు అన్నది. “మా అమ్మకు ఏమయిందో నాకు చివరి నెలలో చెప్పినారు. ఫైనలియర్ పరీక్షలు పాడవుతాయని. పరీక్షలు బాగానే రాసినాలే. డిస్టింక్షన్.”

ఆ సాయంత్రం చిన్నమ్మ నీళ్లకు పోయేదాకా ఆగి, పొయ్యి దగ్గర అమ్మతో చెప్పాను. అమ్మ పెనం మీది రొట్టెను తిప్పి, తడిగుడ్డతో అద్ది, అప్పుడు తలెత్తింది.

“చెప్తే ఏమైతది?”

“విన్నోళ్లు టెస్టు చేయించుకుంటరట.”

“నాకు గట్ల ఎవరన్న చెప్పుంటే ఐదు నెలలు దాచకపోదును.” రొట్టె దించింది. “సరే. ముఖం వద్దు. పేరు వద్దు. ఊరు వద్దు. చేతులు తీస్కోమను. చేతులు ఎవరియైనా ఒక్కతీర్గనే ఉంటయి.”

పచ్చబొట్టు సంగతి మా ఇద్దరికీ తట్టలేదు. ఫొటో తీసినవాడికి తట్టింది గానీ, అతనికది అందంగా కనిపించింది.

రాయడం నా వంతు. మొదట ఉన్నదున్నట్టు రాశాను, ఐదు నెలలు దాచానని. భార్గవి మేడమ్ చదివి తల అడ్డంగా ఊపింది. “ఇప్పటికే దాచుకున్న మనిషి ఇది చదివితే, ఇక నా పని అయిపోయిందిలే అనుకుని అసలే రాదు ఓంకార్. ధైర్యమిచ్చేట్టు రాయి.” ఆ మాట నాకు సబబుగానే తోచింది. ఐదు నెలలను కొట్టేయడానికి ఐదు నిమిషాలు కూడా పట్టలేదు.

ఇంటికొచ్చి చెప్తే నాయన గడ్డం గోక్కున్నాడు. “మా టెంటు కాడ తెలంగాణ కోసం సచ్చిపోయిన పోరగాండ్ల ఫొటోలకు దండలేస్తున్నం. మీ ఆఫీసుల బతికినోళ్ల ఫొటో పెట్టి చప్పట్లు కొడ్తరన్నట్టు. ఎవరి రివాజు వాళ్లది.”

*

సద్దుల బతుకమ్మ నాడు మా వాడకట్టులో అందరికంటే ఎత్తు బతుకమ్మ చిన్నమ్మదే. ఏటా అంతే. నాలుగు రోజుల ముందు నుంచే గునుగు, తంగేడు పూలు తెచ్చి, గునుగు కొసలకు రంగులద్ది పేరుస్తుంది. మోకాలెత్తు బతుకమ్మను నెత్తి మీద పెట్టుకుని, ఒక్క చేత్తో పట్టుకుని, రెండో చెయ్యి ఊపుకుంటూ ముందు నడుస్తుంది. వెనక నడిచేవాళ్లు కుళ్లుకోవడానికే ఆ నడక.

ఆ ఏడు కూడా అంత ఎత్తే పేర్చింది. కానీ నెత్తికెత్తుకోలేదు. పక్కింటి కోడలి నెత్తిన పెట్టి, తను వెనక నడిచింది.

“ఏందే అండాలూ, ఎత్తుకోవా?” అని అడిగింది అమ్మ.

“మెడ పట్టింది అక్కా. ఆమె కూడ కొత్త కోడలాయె, మోజుంటది. మోయనీ.”

ఆడేటప్పుడు అందరి చేతులూ గుండ్రంగా లేచి చప్పట్లు పడుతున్నాయి. చిన్నమ్మ కుడి చెయ్యి నడుము దగ్గరే ఆగుతోంది. నాకది కనిపించలేదు. అమ్మ చెప్పాకే తెలిసింది. అమ్మ పాట మధ్యలో ఆగిపోయి, ఆ వరసలోంచి పక్కకు వచ్చి నిలబడింది. వీరలక్ష్మిగారు “కళ్లు తిరుగుతున్నాయాండీ?” అని నీళ్లు తెచ్చి ఇచ్చారు.

ఇంటికొచ్చి అమ్మ చీర మార్చకుండానే అన్నది. “అండాలు చెయ్యి లేస్తలేదు.”

“పిండి పిసికి పిసికి పట్టేసుంటది” అన్నాడు నాయన.

“నా చెయ్యి లేవనప్పుడు నేను సుత గట్లనే అనుకున్న.”

తర్వాత నాయన, సమ్మె అయిపోనీ, బస్సులు తిరగనీ, అప్పుడు నిదానంగా దవాఖానకు తీసుకుపోదాం అన్నాడు. ఆయన భయం నాకు అర్థమైంది. తీసుకుపోవాలంటే ఎందుకో చెప్పాలి. ఎందుకో చెప్పాలంటే మా సంగతి చెప్పాలి.

“ఎందుకాగుడు? క్యాంపుల టెస్టు బండి కూడ వస్తదట గద” అన్నది అమ్మ. “నేను మాట్లాడెటందుకు పోయిన్నాడు దాన్ని ఎంటేస్కపోత.”

క్యాంపు ఇంకా పదిరోజులుంది. ఆ పదిరోజులూ చిన్నమ్మ ఎడమ చేత్తోనే పిండి పిసికింది. ముందురోజు అమ్మ గోడ దగ్గరికి పోయింది. నేను చాయ్ గ్లాసు పట్టుకుని మా గడప మీద కూర్చుని ఉన్నాను.

“అండాలూ, రేపు ఓంకార్ ఆఫీసుకు పోదాం రా. ఆడోళ్లను ఉత్తగనే చూస్తరట. పైసల్లేవు.”

“ఏం చూస్తరు?”

“పెయ్యి చూస్తరు. లోపట ఏమన్న ఉంటే చెప్తరు.”

“నా పెయ్యిల ఏముంటది అక్కా, జొన్నపిండి ఉంటది.” చిన్నమ్మ నవ్వింది. “అయినా నీకు రొట్టెల సన్మానం గదా? నడుమ ఈ డాక్టర్ల లొల్లి ఏంది?”

అమ్మ రెండు చేతులూ గోడ మీద ఆనించింది. ఇప్పుడు చెప్తుంది, అనుకున్నాను. చాయ్ తాగడం మానేశాను.

“ఆఁ. సన్మానమే” అన్నది అమ్మ.

“మరింక నేనెందుకు? రేపు చౌరస్తల వంటా వార్పు. నేను లేకుంటే ముప్పై కిలోల పప్పు ఎవరు మాడగొట్టకుంట వండుతరు? నువ్వు పోయి శాలువ కప్పించుకొని రాపో.”

*

బంద్ రోజుల పనిని కంపెనీ శనివారాల్లో పూడ్చుకుంటోంది కాబట్టి, ఆ శనివారం బిల్డింగు నిండుగా ఉంది. హాల్లో వందమందికి పైనే కూర్చున్నారు, ఎక్కువ ఆడపిల్లలే. గేటు దగ్గర గులాబీ రంగు గుడ్డ కట్టిన టెస్టు బండి ఆగి ఉంది. అమ్మ బతుకమ్మ చీరే కట్టుకుంది. ఆమె తెలుగులో చెప్తే, తెలుగు రానివాళ్ల కోసం నేను ఇంగ్లీషులో చెప్పాలి. పోస్టరు మీద ఏముందో అదే చెప్పమని భార్గవి మేడమ్ మెల్లగా గుర్తుచేసింది.

అమ్మ మైకు పట్టుకుని, ఒకసారి గొంతు సవరించుకుని, చెప్పిన మొదటి మాట ఇది.

“నేను భయపడలే అని ఈడ రాసిన్రట బిడ్డా. భయపడ్డ. మస్తు భయపడ్డ.”

హాల్లో ఎవరో నవ్వారు, వెంటనే ఆగారు.

“తానం చేస్తుంటే కందిగింజంత తగిలింది. సబ్బు ముక్క అనుకున్న. మల్లొచ్చే నెల ఉన్నది. రేగ్గాయంత అయింది. అప్పుడన్న చెప్పాలె. మా ఆయనకు చెప్తే దవాఖాన అంటడు, దవాఖాన అంటే డాక్టరు ముంగట రవికె ఇప్పాలె. గందుకు చెప్పలే. ఐదు నెలలు. చూడుండ్రి, రవికె ఇప్పెటందుకు సిగ్గుపడితే, రవికెల ఉన్నదే పోయింది.”

అది ఇంగ్లీషులో ఎలా చెప్పానో నాకు గుర్తులేదు. కొట్టేసిన ఐదు నెలలు మాత్రం ఈసారి నా నోటి నుంచే బయటికొచ్చాయి. భార్గవి మేడమ్ వైపు చూశాను. ఆమె నన్ను చూడటం లేదు. అమ్మను చూస్తోంది, చేతిలోని కాగితాలు వంకరపోయేలా పట్టుకుని.

అయిపోయాక ఒక పిల్ల లేచింది. నవ్య అని మెడలోని కార్డు మీద ఉంది. “ఆంటీ, ఇది ఒకరికి వస్తే ఇంట్లోవాళ్లందరూ జాగ్రత్తపడటం మంచిదని ఇందాక డాక్టర్ చెప్పారు. మరి మీ ఇంట్లో, చుట్టాల్లో ఆడవాళ్లందరికీ చెప్పారా? వాళ్లు చెక్ చేయించుకున్నారా?”

అమ్మ మైకును కొంచెం కిందికి దించింది. నా వైపు చూసింది. ఎండలో మూడు మైళ్ల అవతల చిన్నమ్మ ఎడమ చేత్తో పప్పు కలుపుతూ ఉంటుందని ఇద్దరికీ తెలుసు.

“ఎస్” అన్నాను నేను. “ఎవ్రీవన్.”

చప్పట్లు కొట్టారు. అమ్మకు ఇంగ్లీషు రాదు గానీ, ఎస్ అనే మాట తెలుసు.

ఆ రోజు టెస్టు బండి ముందు నలభై ఒక్కమంది వరసలో నిలబడ్డారు. అందులో ఇద్దరిని మళ్లీ రమ్మన్నారు. ఈ మాట కూడా చెప్పాలి, ఎందుకంటే అది కూడా నిజమే. భార్గవి మేడమ్ అమ్మ రెండు చేతులూ పట్టుకుని, ఆ చేతులను తన బుగ్గలకు ఆనించుకుంది.

*

తిరుగుదారిలో క్యాబు లింగంపల్లి చౌరస్తా దగ్గర ఆగిపోయింది. రోడ్డు మొత్తం పొయ్యిలే. మూడేసి రాళ్లు పెట్టి, డేగిసాలు ఎక్కించి, ఆడవాళ్లు చీర కొంగులు నడుముకు చెక్కి వండుతున్నారు. ట్రాక్టరు మీద మైకులో పాట, డప్పులు. నిలిచిపోయిన బండ్లలోని జనం కూడా దిగొచ్చి విస్తళ్ల ముందు కూర్చుంటున్నారు.

“ఎందుకట్ల చెప్పినవ్?” అన్నది అమ్మ. దారి పొడుగునా ఆమె మాట్లాడిన మొదటి మాట అది.

“మరేం చెప్పాలె? గంతమంది ముంగట.”

“గంతమంది ముంగట నేను రవికె ముచ్చటే చెప్పిన గదరా.”

తలుపు తీసుకుని దిగింది. నేను వెనకే దిగాను గానీ, దగ్గరికి పోలేదు. చిన్నమ్మ ఎడమ చేత్తో గరిటె తిప్పుతూ, “ఏదీ శాలువ?” అని అరవడం పాటల మధ్య లీలగా వినిపించింది. అమ్మ ఆమె చేతిలోంచి గరిటె తీసి పక్కనున్నామెకు ఇచ్చింది. మణికట్టు పట్టుకుని నీళ్ల ట్యాంకరు వెనక్కి తీసుకుపోయింది.

నేను నిలబడ్డ చోటి నుంచి ఇద్దరూ కనిపిస్తున్నారు, మాటలు వినిపించడం లేదు. అమ్మ ఏదో చెప్పింది, ఎక్కువసేపు కూడా కాదు. చిన్నమ్మ తల ఊపుతూ ఏదో కొట్టిపారేయబోయింది. అప్పుడు అమ్మ ఆమె చెయ్యి తీసుకుని తన ఎడమ రొమ్ము మీద పెట్టుకుంది. ఉండవలసిన చోట. చిన్నమ్మ చెయ్యి అక్కడే ఉండిపోయింది. వేళ్లు కదిలాయి, గుడ్డ మడతలు తగిలినట్టున్నాయి. చెయ్యి వెనక్కి తీసుకుని, దానికేదో అంటుకున్నట్టు అరచేతిని చూసుకుంది.

తర్వాత వచ్చి గరిటె అందుకుంది. పప్పు మాడలేదు. అందరికీ తనే వడ్డించింది, మా డ్రైవరుకు కూడా. అమ్మ విస్తట్లోనూ వేసింది, ముఖం మాత్రం చూడలేదు.

ఆ సాయంత్రం రొట్టెల దగ్గరికి రాలేదు. అమ్మ పిండి తనే పిసుక్కుంది. ఏడు రొట్టెలకే ఎడమ చెయ్యి వాచిపోయి పొయ్యి ఆర్పేసింది.

*

సోమవారం బస్సులు లేవు, ఆటోలు లేవు, పట్టాల మీద జనం కూర్చున్నారని రైళ్లూ లేవు. నేను ఎవరినీ అడగకుండా కంపెనీ బండి ఒకటి తీసి, అద్దానికి రెండు స్టిక్కర్లు వేసి, ఇద్దరినీ దవాఖానకు తీసుకుపోయాను. వెనక సీట్లో ఆ కిటికీకి ఒకరు, ఈ కిటికీకి ఒకరు కూర్చున్నారు.

“ఎప్పటి నుంచి ఉందమ్మా?” అని అడిగింది డాక్టరమ్మ.

“బోనాలప్పటి సంది.”

“మూడు నెలలు! ఇంట్లో ఎవరికీ చెప్పలేదా?”

“చెప్తే మా అక్క నన్ను పిండి పిసకనియ్యదు” అన్నది చిన్నమ్మ. “ఆమెదే పచ్చి ఆపరేషన్. ఆమె పిసుకుతదా?”

అమ్మ లేచి బయటి బెంచీ మీదికి పోయి కూర్చుంది.

గడ్డ చంకలోకి పాకిందని వారం తర్వాత తెలిసింది. ముందు మందులు ఎక్కించాలి, గడ్డ తగ్గితే అప్పుడు ఆపరేషన్ సంగతి. తగ్గుతుందా అంటే, చూద్దాం అన్నది డాక్టరమ్మ. అప్పుడే సమ్మె కూడా ఆగింది. బస్సులు రోడ్డెక్కాయి. అందరూ గెలిచామా ఓడామా అని మాట్లాడుకుంటున్నారు. నేను స్టిక్కర్ల సొరుగు ఖాళీ చేసుకున్నాను.

వేములవాడ పోదామని నాయన అంటే, చిన్నమ్మ వద్దన్నది. “ఊడితే ఊడనీ. దేవుని మీదికి ఎందుకు నెట్టాలె? అడిగినోళ్లకు చెప్త.” అన్నట్టే చెప్పింది. ఆమె నోరు ఆగదని మేము భయపడింది నిజమే. తన సంగతీ చెప్పింది, అమ్మ సంగతీ చెప్పింది. జంగమ్మకు చెప్పింది, కిరాణా కొట్టులో చెప్పింది, గోడ మీదుగా వీరలక్ష్మిగారికి చెప్పింది.

ఒక వారం నాయన పిసికిచ్చిన పిండి సగం మిగిలింది. ఎనిమిదో రోజు వీరలక్ష్మిగారు అందరూ చూసేలా పొయ్యి ఎదుట నిలబడి, “ఆరు రొట్టెలు కట్టండి కిష్టమ్మగారూ, ఒకటి ఇక్కడే తింటాను” అన్నారు అమ్మతో. మరో వారానికి మళ్లీ ఎప్పటిలాగే బండ్లు ఆగాయి. పదిహేను రోజులు. ఆ పదిహేను రోజుల పిండికి భయపడి మేము ఏడాదిన్నర దాచాం.

వాడకట్టులో ఆడవాళ్లు ఎవరికి వారు దవాఖానకు పోయి చూపించుకుని వచ్చారని తర్వాత విన్నాను. జంగమ్మ కూడా.

చిన్నమ్మ మాత్రం అమ్మతో మాట్లాడేది కాదు. పోట్లాడలేదు, తిట్టలేదు. అమ్మ నీళ్లిస్తే తాగేది, తల తుడిస్తే తుడిపించుకునేది. అంతే.

నవంబరు చివర్లో, రెండో విడత మందు ఎక్కించే రోజు, భార్గవి మేడమ్ బత్తాయిలు పట్టుకుని దవాఖానకు వచ్చింది. చిన్నమ్మ నెత్తి మీద అప్పటికి వెంట్రుకలు లేవు, రుమాలు కూడా కట్టుకోలేదు. అమ్మ మంచం పట్టీ మీద కూర్చుని బత్తాయి తొన వలుస్తోంది. నేను సెలైను సీసా వైపు నిలబడి ఉన్నాను. భార్గవి మేడమ్ చిన్నమ్మ పాదం మీద చెయ్యి వేసింది. ఆమె మనసులో మాయ లేదు, అది చిన్నమ్మకూ తెలుసు.

“అండాలమ్మా, మీకు తప్పకుండా నయమైతుంది. బాగయినాక ఒక్కసారి మా ఆఫీసుకు వచ్చి మీరు కూడా మాట్లాడాలి. బతికినవాళ్లు చెప్తేనే జనం వింటారమ్మా. మీ కథ విని ఎంతమంది బయటపడతారో.”

చిన్నమ్మ ఆమెను చూసింది. తర్వాత, వంటా వార్పు నాటి నుంచి మొదటిసారి, నేరుగా అమ్మ ముఖంలోకి చూసింది.

“బతికినామె ఏడాది నా పక్కనే కూసున్నది బిడ్డా. నాకే చెప్పలే. నేను బతికితెనే నా కథ మీకు పనికొస్తదంటివి గద, బతకకుంటే ఎవరు చెప్తరు?”